దొంగ కాటా, మూడో నంబరు రివాల్వరు

ఖాకీ చొక్కాకు గంజి వాసన ఇంకా పోని ఆ రోజుల్లో నాకు రెండు గట్టి నమ్మకాలుండేవి. నాకు అన్నీ తెలుసన్నది ఒకటి. తెలియనివి ఎవరూ అడగరన్నది రెండోది. గార్ల దగ్గర మా తండా నుంచి పోలీసు ఉద్యోగానికి ఎంపికైన మొదటి ఆడపిల్లను నేనే కాబట్టి, ట్రైనింగుకు బయలుదేరిన రోజు బస్సు దగ్గరికి సగం తండా వచ్చింది. ఆ ఊపులో నేను ఫుట్‌బోర్డు మీద నిలబడి, "మళ్ల వచ్చినప్పుడు నడుముకు రివాల్వర్ పెట్టుకోని వస్త, చూస్తుండుండ్రి" అని ప్రకటించేశాను. (ఎవరూ అడగలేదు. నాకై నేనే అన్నాను. నా కష్టాల్లో సగం ఇలా అడక్కుండా మొదలైనవే.) రివాల్వర్ పరీక్ష ఒకటుంటుందని, అది తప్పిన వాళ్లకు ఉద్యోగమంతా కవర్లు మోసే పనే దక్కుతుందని అప్పటికి నాకు తెలియదు.

మా బ్యాచిలో రివాల్వర్ నేర్చుకునే ఆడవాళ్లం ముగ్గురం. నేను, నాకంటే నాలుగేళ్లు పెద్దదైన జనగామ అక్క, బొగ్గుబాయి కార్మికుడి బిడ్డ భూపాలపల్లి పిల్ల. మాకు ఫైరింగ్ నేర్పే ఆయనను మేం రూల్‌బుక్ సార్ అనేవాళ్లం. చంకలో ఎప్పుడూ అట్ట ఊడిన పుస్తకం ఒకటి ఉండేది. ఏం అడిగినా "పుస్తకంల ఉన్నదా?" అని తిరిగి అడిగేవాడు. మంచివాడే. కాకపోతే మొదటి రోజే మా ముగ్గురి చేతులు చూసి, "ఆడపిల్లల వేళ్లకు గంత బలం ఏడికెల్లి వస్తది? పాస్ కాకపోతే పరేషాన్ కాకుండ్రి, ఆఫీసుల మస్తు పనులుంటయి" అని ఓదార్చాడు. తప్పకముందే ఓదార్చే మనిషి మీద నాకు వచ్చే కోపం ఇన్నేళ్లైనా తగ్గలేదు, తగ్గించుకునే ఉద్దేశమూ లేదు. పత్తి ఏరిన వేళ్లు, మిరపకాయల తొడిమలు తుంచిన వేళ్లు, బర్రెను పితికిన వేళ్లు ఇవి. బలం సంగతి నాకే చెబుతాడా?

ఆయుధాలు బాగుచేసే పెద్దాయన నూనె మామ. ఆయన వచ్చే ముందు నూనె వాసన వచ్చేది. ట్రిగ్గర్ల పాఠం ఆయనే చెప్పాడు, బల్ల మీద పాత దుప్పటి పరిచి, ఒక్కో ఆయుధం ఖాళీగా ఉందో లేదో మాతో మూడు మూడు సార్లు తనిఖీ చేయించి. "గిది రివాల్వర్. దీని సుత్తిని బొటనవేలుతోటి ముందుగాల్నే ఎనుకకు గుంజి పెట్టినవనుకో, ఇగ ట్రిగ్గర్‌కు ఒక్కటే పని, సుత్తిని ఇడిసిపెట్టుడు. గందుకే అల్కగ ఉంటది. దీన్ని సింగిల్ యాక్షన్ అంటరు. సుత్తి ముట్టకుంట సీదా ట్రిగ్గరే గుంజినవనుకో, సుత్తిని ఎనుకకు గుంజుడు, ఇడిసిపెట్టుడు, రెండు గూడ నీ వేలు పనే. నడుమల గుండ్ల చక్రం తిప్పుడు గూడ అదే. గది డబుల్ యాక్షన్. దూరం గుంజాలె, బరువుంటది."

"మరి గా అల్కటి దానితోనే కాల్చరాదా మామా?" అంది జనగామ అక్క.

"సుత్తి లేపి నడుముకు పెట్టుకోని తిరుగుతవా బిడ్డా? ఎవడన్న జర తాకితే పేలుతది. బరువున్న ట్రిగ్గర్ అంటే కాల్చాల్నా వద్దా అని నీకు సోచాయించే టైం ఇచ్చుడన్నట్టు."

తర్వాత పిస్తోలు తీశాడు. దాని గొట్టం మీద జారే కప్పును ఒకసారి వెనక్కి లాగి వదిలితే సుత్తి తనంతట తానే లేచి నిలబడుతుంది. గుండు పేలిన ప్రతిసారీ ఆ కప్పే వెనక్కి పోయి సుత్తిని మళ్లీ లేపుతుంది. అంటే ఈ ట్రిగ్గర్ ఎప్పుడూ తేలికే, అందుకే పొరపాటున పేలకుండా పక్కన అడ్డు మీట తప్పనిసరి. ఇంకో రకానికి మొదటి గుండు బరువుగా, మిగతావి తేలిగ్గా ఉంటాయి ("అచ్చం మా నాయిన కోపం తీరు" అని భూపాలపల్లి పిల్ల నా చెవిలో ఊదింది). ఆఖరిది కొత్త రకం. దీనికి బయట సుత్తే లేదు. లోపల ఒక సన్నటి కడ్డీ ఉంటుంది, దాని స్ప్రింగు సగం బిగిసి ఉంటుంది, మిగతా సగం మన వేలు బిగించి వదులుతుంది. బరువూ కాదు, మరీ తేలికా కాదు, మొదటి గుండు నుంచి చివరి గుండు దాకా ఒకే తీరు. నాకు అదే నచ్చింది. పరీక్ష మాత్రం రివాల్వర్‌తో, అదీ డబుల్ యాక్షన్‌లోనే.

ఆడవాళ్ల చేతికి సరిపోతుందని పిడి చిన్నగా ఉన్న మూడో నంబరు రివాల్వర్‌ను మా ముగ్గురికీ ప్రత్యేకంగా కేటాయించారు. ఎంత దయో చూడండి. ఆ దయను గుంజలేక మా ప్రాణాలు పోయాయి. సగం దాకా వచ్చేసరికి వేలు వణుకుతుంది, మిగతా సగానికి మొత్తం చెయ్యే కిందికి వంగుతుంది, గుండు వెళ్లి టార్గెట్ కాళ్ల దగ్గర మట్టిలో దూరుతుంది. వారం రోజుల్లో మేం చంపిన మట్టి అంతా ఇంతా కాదు. రూల్‌బుక్ సార్ "నేను చెప్పలే?" అన్నట్టు చూసేవాడు. నేను పంతం పట్టి, పొద్దునా సాయంత్రం నీళ్ల బకెట్‌ను ఒక్క చూపుడువేలుకు తగిలించుకుని బాత్‌రూముల చుట్టూ తిరిగేదాన్ని. బలం పెరగలేదు కానీ వేలు వంకాయంత ఉబ్బింది, అన్నం చెంచాతో తినాల్సి వచ్చింది.

పరీక్ష నాలుగు రోజులుందనగా ఆయుధాలు తుడిచే పని పడింది. మగపిల్లలు వాడే రివాల్వర్ ఒకటి నా చేతికొచ్చింది. ఖాళీ అని చూసుకుని, నూనె మామను అడిగి, ట్రిగ్గర్ గుంజి చూశాను. ఉబ్బిన వేలుతో కూడా వెన్నలో వేలు పెట్టినట్టు వెళ్లింది. నేరుగా రూల్‌బుక్ సార్ దగ్గరికి నడిచాను.

"సార్, మాకిచ్చిన మూడో నంబర్ ఖరాబున్నది. మగపిల్లలది అల్కగున్నది."

"నీ వేలు చెప్తే సరిపోదు. ట్రిగ్గర్ ఎంత బరువుకు దిగాల్నో పుస్తకంల ఉన్నది. తూకం చూపెట్టు, మారుస్త."

"తూసే సామాను ఏది సార్?"

"గది పాడై శాన దినాలైంది" అన్నాడు, అదేదో నా తప్పైనట్టు.

ఆ రోజే ఇంటికి ఫోన్ చేశాను. పత్తి ఏరే కూలీలకు చేనులో కిలోల లెక్కన తూచేది కొక్కెం ఉన్న స్ప్రింగు కాటాతోనే. మా ఇంట్లో అలాంటిది ఒకటుంది. "యాడీ, మన కాటా పంపు" అన్నాను. (మేం అమ్మను యాడి, నాన్నను బాపు అంటాం. మా మాటలు మా భాషలో జరిగాయి, మీ కోసం తెలుగులో చెబుతున్నాను.)

"పోలీసోళ్లు పత్తి గూడ తూస్తరా?" అంది యాడి.

"తుపాకిని తూస్త."

"మంచిగ తినవే బిడ్డా" అని పెట్టేసింది. రెండో రోజుకల్లా గోనెపట్టాలో చుట్టిన కాటా బస్సు డ్రైవర్ చేతిలో వచ్చింది. బాపు స్వయంగా ఎక్కించాడట.

మైదానంలో బ్యాచి మొత్తం గుండ్రంగా నిలబడింది. నూనె మామ మూడో నంబరును ఖాళీ చేసి, గొట్టాన్ని ఇసుక పెట్టె వైపు తిప్పి పట్టుకున్నాడు. నేను కొక్కేన్ని ట్రిగ్గర్‌కు తగిలించి మెల్లగా లాగాను. టక్‌మని సుత్తి పడింది. ముల్లు ఐదు కిలోల దగ్గరే ఆగింది. రూల్‌బుక్ సార్ పుస్తకం తెరిచి, వేలు పెట్టి చదివి, మూశాడు. "హద్దుకు లోపల్నే ఉన్నది. తుపాకి మంచిగనే ఉన్నది. ఏం ఖరాబున్నదో నేను చెప్పనా?" అన్నాడు. మగపిల్లలు నవ్వారు. జనగామ అక్క నా మోచేయి పట్టుకుని లాగింది. నా కళ్లలో నీళ్లు తిరిగాయి. ఫుట్‌బోర్డు మీద నిలబడి అన్న మాట, సగం తండా, అన్నీ ఒక్కసారే గుర్తొచ్చాయి.

తల దించుకుంటే కాటా పైకొనకు కట్టిన ఎర్రగుడ్డ పేలిక కనిపించింది. మా ఇంట్లో ఉన్న కాటాలు రెండు. ఒకటి మాది. రెండోది ఒక ఆసామి చేనులో యాడి స్వాధీనం చేసుకున్నది. ఎంత ఏరినా తూకం తక్కువే వస్తోందని అనుమానం వచ్చి యాడి ఒకరోజు కిలో ఉప్పు ప్యాకెట్లు ఐదింటిని మూటగట్టి దానికి తగిలిస్తే నాలుగు చూపించింది. యాడి కాటాను పీకి భుజాన వేసుకుని ఇంటికొచ్చింది. గుర్తుకు ఎర్రగుడ్డ కట్టి దూలానికి వేలాడదీసింది. వచ్చినవాళ్లందరికీ చూపించేది. చూసి చూసి, బాపు తొందరలో దాన్నే మంచిదనుకుని పంపించాడు.

"సార్, గిది దొంగ కాటా" అన్నాను.

ఈసారి నూనె మామ కూడా నవ్వాడు. రూల్‌బుక్ సార్ మాత్రం ఎర్రబడ్డాడు. "దొంగ కాటా తెచ్చి సర్కారు తుపాకిని తూస్తవా?"

ఏ దేవుడు పలికించాడో తెలియదు, నా నోటి నుంచి మాట వచ్చేసింది. "దొంగదైనా అందరికి ఒక్కతీరుగనే దొంగది గద సార్! మగపిల్లల రివాల్వర్ గూడ గీ కాటాకే తగిలియ్యుండ్రి. కిలోలు వద్దు, రెండిటి నడుమ ఫరక్ సూడుండ్రి."

ఆయన పుస్తకం వైపు చూశాడు. అందులో దొంగ కాటాల గురించి ఏమీ లేదనుకుంటా. "తగిలియ్" అన్నాడు. మగపిల్లల రివాల్వర్ నాలుగైనా దాటకముందే టక్‌మంది. ఇంకోటి తెచ్చారు, అదీ అంతే. మళ్లీ మూడో నంబరు తగిలిస్తే మళ్లీ ఐదు. ఉప్పు ప్యాకెట్ల లెక్కన చూస్తే అసలు బరువు ఆరు దాటినట్టే. ఎవరూ నవ్వలేదు. నూనె మామ అక్కడే కింద కూర్చుని మూడో నంబరు పక్క రేకు విప్పాడు. ఎప్పుడో గుండ్లు సరిగా పేలడం లేదని ఎవరో అందులో దానిది కాని మొండి స్ప్రింగు వేశారు. దాని చుట్టూ పాత గ్రీజు ఎండి బెల్లం పాకంలా గట్టిపడి ఉంది. "గింత మొండిదాంతోటి వారం దినాలు కాల్చిన్రా?" అని మా ముగ్గురినీ చూశాడు. ఆ చూపు నాకు పతకంతో సమానం.

పరీక్షలో మగపిల్లల రివాల్వర్‌తోనే కాల్చాం. జెండా పాతేశానని అనుకుంటున్నారేమో, లేదు. మొండి ట్రిగ్గర్‌కు అలవాటైన నా వేలు మొదటి గుండుకు అదే జోరుతో గుంజింది, గుండు పోయి పక్కనున్న జనగామ అక్క టార్గెట్‌లో పడింది. ఆరు గుండ్లు కాల్చిన ఆమెకు ఏడు రంధ్రాలొచ్చాయి. నాకు పాసుకు కావాల్సినన్ని వచ్చాయి, ఒక్కటీ ఎక్కువ రాలేదు. అయినా పాస్ పాసే. రూల్‌బుక్ సార్ నా పేరు ఎదురుగా సంతకం పెడుతూ "కాటా ఇంటికి పంపియ్" అన్నాడు. పంపలేదు.

ఇప్పుడు మహబూబాబాద్‌లో ఆయుధాల గది నా చేతిలో ఉంది. ఇక్కడి కానిస్టేబుల్ పిల్లలు నన్ను చాటుగా నూనె అక్క అంటారని నాకు తెలుసు. ఎర్రగుడ్డ కాటా గోడకు వేలాడుతోంది, దాని కథ ఇక్కడ అందరికీ తెలుసు. మొన్న కొత్తగా వచ్చిన ఒక అమ్మాయి, పిస్తోలు ట్రిగ్గర్ బరువుగా ఉందని వాదన పెట్టుకుంది. "ఆయుధం మంచిగనే ఉన్నది బిడ్డా, నీ వేలే గట్టిపడాలె" అన్నాను. ఆ మాట నా నోట్లోంచే వచ్చిందా అని నేనే అటూ ఇటూ చూసుకున్నాను. ఆ పిల్ల తగ్గలేదు. "తూసిన్రా మేడం?" అంది. నాకు చర్రున కోపం వచ్చింది, పుస్తకం ఒక్కటే తక్కువ. స్టూలెక్కి కాటా దించి తూచి చూపించాను. "గది దొంగ కాటా గద మేడం" అంది. ఇంకో పిస్తోలు తెచ్చి, అదీ తూచి, రెండూ సమానమని చూపించాను. నిజంగా ఆయుధంలో ఏ లోపమూ లేదు, గట్టిపడాల్సింది వేలే. సెల్యూట్ కొట్టి బయటికి పోతూ గుమ్మం దగ్గర ఏదో గొణిగింది. స్పష్టంగానే వినిపించింది, కానీ విననట్టే కాటాను మేకుకు తగిలించాను. ఆ రోజుల్లో నేను గొణిగినవన్నీ రూల్‌బుక్ సార్‌కు వినిపించే ఉంటాయని అప్పుడే నాకు తెలిసింది.