పదిహేడో రాయి దగ్గర ఎడమకి

మా పెదనాన్న సర్వేయరు. ఆఫీసులో ఆయన్ని గొలుసు అని పిలిచేవారు. నేల కొలవడానికి టేపులొచ్చి, వాటి తర్వాత యంత్రాలొచ్చినా పాత ఇనుప గొలుసే నయమని వాదించేవారట. పైగా ఏ పని పట్టుకున్నా ఓ పట్టాన వదిలే మనిషి కాదు. మా ఇంటికొస్తే కుర్చీలో కూర్చునే ముందు గది నాలుగు మూలలూ ఒకసారి చూసి, "మీ నాన్నను మేస్త్రీ మోసం చేశాడమ్మాయ్, ఈ గోడ వంకర" అనేవారు. గోడ నిజంగానే వంకర. అందుకే నాకు ఇంకా ఒళ్లు మండేది.

పెద్దమ్మ టెలిఫోన్ ఎక్స్‌ఛేంజిలో ఆపరేటరుగా చేసి రిటైరయింది. నాలుగు వందల నంబర్లు నోటికొచ్చు. పేరు చెబితే నంబరు, నంబరు చెబితే పేరు, అడక్కపోయినా ఆ ఇంట్లో ఎవరికి దగ్గు పట్టుకుందో కూడా చెప్పేది.

పన్నెండేళ్ల కిందట పెదనాన్న రాళ్ల క్వారీ కొలుస్తూ జారిపడి కాలు విరగ్గొట్టుకున్నారు. ఆరు నెలలు మంచం దిగొద్దన్నారు డాక్టర్లు. మూడో రోజుకే ఆయన పైకప్పులో వంకరలు లెక్కపెట్టడం మొదలుపెట్టారు. నేను అప్పుడే ఒక ప్రెస్సులో పేజీలు పెట్టే పనిలో చేరాను. అక్కడ పారేయబోతున్న కంప్యూటరొకటి తెచ్చి, ఒక ఆట ఎక్కించి ఇచ్చాను. అందులో గెలుపోటములు లేవు. కొండలూ చెరువులూ ఉంటాయి. నేల తవ్వుకోవచ్చు, ఇల్లు కట్టుకోవచ్చు, నడిచినంత దూరం నడవొచ్చు. ఓ వారం కాలక్షేపం అవుతుందనుకున్నాను. కాలు అతుక్కుంది, ఆట మాత్రం ఆగలేదు. పెద్దమ్మ కోసం రెండో కంప్యూటరు కొని ముందుగదిలో పెట్టారు. ఆయనది వెనకగదిలో. ఇద్దరూ ఒకే లోకంలో తిరుగుతూ, "ఏవండీ, వంతెన మీద మీరేనా?" అని గదుల మధ్య కేకలేసుకునేవారు.

ఆవిడ ఇల్లు కట్టింది. చెరువు పక్కన రెండంతస్తుల ఇల్లు, నీలం తలుపు. ఆయన నేల కొలిచారు. ఇంటి నుంచి ఎటు చూసినా నలభై నిమిషాలు నడిచేంత దూరం ఒక్క గజం వదలకుండా తిరిగి, దారుల వెంట హద్దురాళ్లు పాతి, ఒక్కో రాయి మీద ఒక దీపం పెట్టారు. ఆ రాళ్ల లెక్క పెద్దమ్మకు నోటికొచ్చు. కొండ నుంచి ఇంటికి రావాలంటే పదిహేడో రాయి దగ్గర ఎడమకి తిరగాలి. అక్కణ్ణుంచి నాలుగు రాళ్లు దాటితే నీలం తలుపు.

కిందటేడు పెద్దమ్మకు మతిమరుపు మొదలైంది. మొదట నంబర్లు పోయాయి, తర్వాత పేర్లు. ఆ తర్వాత ఒక సాయంత్రం సందు చివరి కొట్టుకు వెళ్లి, మూడు వీధుల అవతల ఎవరి అరుగు మీదో కూర్చుని దొరికింది. డాక్టరు ఒక్క మాట గట్టిగా చెప్పింది. "వస్తువులు ఎక్కడున్నవి అక్కడే ఉంచండి. ఆవిడ వాటి గుర్తుతోనే దారి వెతుక్కుంటుంది." పెదనాన్న ఆ మాట తు.చ. తప్పకుండా పాటించారు. కాలు విరిగిన స్టూలును కూడా జరపనిచ్చేవారు కాదు. నేను దాన్ని రెండుసార్లు తన్నుకుని తిట్టుకున్నాను.

అన్నీ చెదిరిపోతున్నా ఆ ఆటలో మాత్రం ఆవిడ దారి తప్పలేదు. కొండ మీంచి రాళ్లు లెక్కపెట్టుకుంటూ దిగి, పదిహేడు దగ్గర ఎడమకి తిరిగి, నీలం తలుపు తీసుకుని లోపలికి వెళ్లేది. రోజూ వెళ్లేది. పెదనాన్న వెనకనుంచి చూస్తూ వేళ్లు ముడిచేవారు. పదిహేడు అన్నప్పుడు ఆయన మొహం తేటపడేది. ఆవిడకు తెలిసిన దారి అదొక్కటే మిగిలిందని ఆయనకూ తెలుసు, నాకూ తెలుసు.

ఈ మధ్య ఆ ఆట చేసినవాళ్లు కొత్త అడవులు చేర్చారు. లేత గులాబీ రంగు చెట్లు, వాటి నుంచి రాలుతూనే ఉండే రేకులు. నా ఫోనులో వీడియో చూసి పెద్దమ్మ పట్టుకుంది. "ఇవి మన దగ్గర ఎప్పుడు పూస్తాయి?" అని పొద్దుటి నుంచి సాయంత్రం దాకా అడిగేది. అడిగినట్టు గుర్తుండదు కనుక మళ్లీ అడిగేది.

ఇక్కడొక చిక్కుంది. ఆ ఆటలో నేల ముందే తయారై ఉండదు. మనం నడిచేకొద్దీ ఎదురుగా పుడుతుంది, ఒకసారి పుట్టింది పుట్టినట్టే ఫైలులో ఉండిపోతుంది. కొత్తగా చేర్చిన చెట్లు అడుగు పడని నేలలోనే మొలుస్తాయి. పెదనాన్న అడుగు పడని నేల ఎక్కడుంది? చుట్టూ నలభై నిమిషాల నడకంతా ఆయన కొలిచేసిన పాత నేలే. ఒకసారి ఇద్దరూ బయల్దేరారు కానీ, సగం దారిలో పెద్దమ్మ ఎందుకొచ్చామో మరిచిపోయి బెంబేలెత్తింది.

నాకు ఓపిక తక్కువ. పేజీలో పనికిరాని అంచులు కత్తిరించడం నా వృత్తి. పాత లోకంలో ఎవరూ ఎక్కువసేపు నిలబడని నేలను చెరిపేసే ఒక పనిముట్టు దొరికింది. చెరిపిన చోటికి మళ్లీ వెళితే, అక్కడ కొత్త నేల, కొత్త చెట్లతో సహా పుడుతుంది. ఇల్లూ చెరువూ వంతెనా అలాగే ఉంటాయి, ఎందుకంటే అక్కడ వాళ్లు ఏళ్ల తరబడి గడిపారు.

"రాళ్లు ఉంటాయా?" అని అడిగారు పెదనాన్న.

"ఉంటాయి పెదనాన్నా."

చూసి చెప్పలేదు. నోటికొచ్చింది చెప్పాను. ఆయన "పాతదానికి ఒక నకలు తీసి పక్కన పెట్టు. కొత్త పటం గీసినా పాత పటం చించకూడదు" అన్నారు. అది మాత్రం చేశాను.

ఆదివారం మధ్యాహ్నం పెద్దమ్మను కుర్చీలో కూర్చోబెట్టాం. నీలం తలుపు తీసుకుని బయటికొచ్చి చెరువు దాటింది. అక్కడ పచ్చిక కత్తితో కోసినట్టు తెగిపోయి ఉంది. అవతల గులాబీ రంగు. ఆవిడ ఆ చెట్ల కిందికి నడిచి, తెర మీద రాలే రేకుల కోసం నిజంగానే చెయ్యి చాపింది. పెదనాన్న నా భుజం తట్టారు. ఆ ఒక్క నిమిషం నేనెంత గొప్పదాన్ననుకున్నానో చెప్పడానికి ఇప్పుడు సిగ్గేస్తోంది.

"ఇక ఇంటికెళ్దాం" అని వెనక్కి తిరిగింది. "ఒకటో రాయి ఏదీ?"

లేదు. రాయి పాతడానికి ఎంతసేపు పడుతుంది? ప్రతి రాయి దగ్గరా ఆయన నిలబడింది కొన్ని క్షణాలే. పనిముట్టు లెక్కలో అది ఎవరూ ఉండని నేల. అన్నీ చెరిగిపోయాయి. కొండ కూడా పాత కొండ కాదు.

పెద్దమ్మ అటు నడిచింది, ఇటు నడిచింది. పెదనాన్న తెర మీద వేలు పెట్టి, "అదిగో చెరువు, అటు వెళ్లు" అన్నారు.

"నాకు దారి తెలుసండీ" అంది విసురుగా, ఎదురు దిక్కుకు పోతూ. కాసేపటికి ఆగి, మా ఇద్దరినీ మార్చి మార్చి చూసింది. "రాళ్లు ఎవరు పీకారు?"

పెదనాన్న తెర మీంచి వేలు తీసేశారు.

ఆవిడ లేచి వెళ్లగానే పక్కన పెట్టిన నకలుతో పాత లోకాన్ని తిరిగి పెట్టాను. ఈసారి ఒక్కో రాయీ చూశాను. అన్నీ ఉన్నాయి, దీపాలతో సహా. వీసమెత్తు తేడా లేదు. ఇవాళ్టిది రేపటికి ఆవిడకు గుర్తుండదు కదా అని నాకు నేనే ధైర్యం చెప్పుకున్నాను.

సోమవారం ప్రెస్సుకు సెలవు పెట్టి వెళ్లాను. పెదనాన్న వెనకగదిలో తన కంప్యూటరు దగ్గర, ఆటలోని ఇంట్లో, కిటికీ పక్కన నిలబడి ఉన్నారు. పెద్దమ్మ కొండ మీంచి దిగుతోంది. నేను ఆమె కుర్చీ వెనక ఉన్నాను.

"పధ్నాలుగు, పదిహేను, పదహారు, పదిహేడు." ఎడమకి తిరిగింది. నాకు ప్రాణం లేచొచ్చింది. ఇంకో నాలుగు రాళ్లు. నీలం తలుపు ముందు ఆగింది.

తెరవలేదు.

"పెద్దమ్మా, లోపలికి వెళ్లు."

"ఎవరింట్లోకి?"

"మీ ఇల్లే కదా."

ఆవిడ గొంతు తగ్గించింది. "కాదమ్మాయ్. ఎవరో రాళ్లు పీకేసి మళ్లీ అలాగే పాతారు. ఇల్లు కూడా మాదాని లాగే కట్టారు. ఎందుకు కట్టారో మరి. కిటికీ దగ్గర ఎవరో మనిషి ఉన్నాడు. అడక్కుండా వెళితే బాగుండదు."

నిలబడింది. నేను గోడ గడియారం చూశాను. పది నిమిషాలు దాటింది. ఆటలో చీకటి పడి, రాళ్ల మీది దీపాలు వెలుగుతున్నాయి. వెనకగదిలో కుర్చీ కిర్రుమంది. తెర మీద నీలం తలుపు లోపలి నుంచి తెరుచుకుంది. గుమ్మంలో పెదనాన్న బొమ్మ నిలబడింది, పన్నెండేళ్లుగా వేసుకున్న అదే బూడిదరంగు చొక్కాతో.

"రా లోపలికి" అన్నారు వెనకగదిలోంచి.

పెద్దమ్మ తెరలోని మనిషి వైపు చూసి మర్యాదగా అడిగింది. "అయ్యా, సర్వేయరు గారి ఇల్లు ఎటో మీకేమైనా తెలుసా? రాళ్లు సరిగానే లెక్కపెట్టాను. ఎక్కడో తేడా వచ్చింది."

తెర మీద పెదనాన్న బొమ్మ గుమ్మంలోంచి పక్కకు జరిగింది. "తెలుసమ్మా" అన్నారు వెనకగదిలోంచి. "కాస్త కూర్చోండి. ఆయనే వస్తారు." నలభై ఏళ్ల కాపురంలో ఆయన ఆవిడను మీరు అనడం నేను అప్పుడే మొదటిసారి విన్నాను. కుర్చీ వెనక నిలబడి ఏడ్చాను.

మర్నాడు పొద్దున మళ్లీ వెళ్లాను. పెదనాన్న వంటింట్లో మాకు వీపు పెట్టి స్టవ్ దగ్గర పాలు కాస్తున్నారు. పెద్దమ్మ వంటింటి గుమ్మానికి ఇవతల, విరిగిన స్టూలు పక్కన, చేతులు కట్టుకుని నిలబడి ఉంది.

"ఇక్కడే నిలబడ్డావేం పెద్దమ్మా?"

"లోపల ఎవరో ఉన్నారు" అంది మెల్లగా. "తలుపు తీస్తారని చూస్తున్నాను."

ఆ తలుపు బార్లా తెరిచే ఉంది.