కడిగి పంపిన క్యారేజీ

మా ఆయన వేసిన విడాకుల పిటిషన్‌ను కోర్టు మొదటిసారి కొట్టేసిన రోజున నేను వన్ టౌన్‌లో మా అమ్మ ఇంటిదాకా నడిచే వచ్చేశాను. ఆటో సంగతే గుర్తు రాలేదు. నేను ఆయన్ని హింస పెట్టానని కేసు. అది రుజువు కాలేదు. అవి తొంభైల చివరి రోజులు. అప్పటికే ఆయన ఉక్కు ఫ్యాక్టరీ క్వార్టర్‌కి వెళ్ళిపోయాడు. నేను మా అమ్మ దగ్గర ఉంటూ, వీధి చివర చింతపండు హోల్‌సేల్ కొట్లో లెక్కలు రాసేదాన్ని. ఎవరూ నేర్పలేదు, చూసి నేర్చుకున్నాను.

ఒకసారి సరిచూసి గీత గీసిన మొత్తాన్ని మళ్ళీ ఎవరూ కూడరు. తీర్పు కూడా అంతే అనుకున్నాను. మా వకీలుగారు సగమే ఒప్పుకున్నారు. అవే సంగతులతో ఆయన మళ్ళీ కోర్టుకి రాలేడట, పాత తీర్పు అడ్డుపడుతుందట. తర్వాత కొత్త కారణం పుడితే మాత్రం దానికి అడ్డు లేదట.

నాకు కావలసింది అడ్డు కాదు, మనిషి. కాపురానికి రమ్మని నేనే పిటిషన్ వేశాను. గెలిచాను కూడా. ఆ తీర్పు నకలు ఇచ్చేముందు వకీలుగారు నన్ను కూర్చోమన్నారు.

"ఏడాదిలోగా మీరిద్దరూ కలిసి ఉండకపోతే, ఈ కాగితం పట్టుకునే ఆయన మళ్ళీ విడాకులు అడగొచ్చమ్మా. గెలిచింది నువ్వయినా సరే."

మా ఆయన షిఫ్టులు నాకు క్యాలెండర్ చూడకుండానే తెలుసు. వారాలూ ఆఫ్‌లూ మనసులోనే జరుపుకుంటూ వచ్చేదాన్ని. ఎ షిఫ్ట్, అంటే పొద్దుటి డ్యూటీ, పడిన రోజుల్లో తెల్లవారకముందే వండి క్యారేజీ కట్టేదాన్ని. పక్కింటాయనదీ మా ఆయన డిపార్టుమెంటే. నేను అన్నయ్యా అని పిలిచేదాన్ని. ఫ్యాక్టరీ బస్సులో అన్నయ్యే క్యారేజీ పట్టుకెళ్ళేవాడు.

"ఏటి కూర సెల్లీ ఇయ్యాల? వాసనకి దార్లోనే తినీసేలా ఉన్నాను నాను," అనేవాడు.

క్యారేజీ ఖాళీగా తిరిగొచ్చేది. గిన్నెలు తళతళలాడేలా కడిగి ఉండేవి. ఏమైనా అన్నాడా అని అడిగితే అన్నయ్య తల అడ్డంగా ఊపేవాడు. ఒక్కసారి మాత్రం, నెత్తళ్ళ చేపలు వేసిన వంకాయ కూరలో పులుపు ఎక్కువైందన్నాడట. ఆ మాటకి నేను ఎంత పొంగిపోయానో. ఆనాటి నుంచి చింతపండు తగ్గించాను.

ఆయన రాలేదు. ఏడాది దాటాక రెండో పిటిషన్ వచ్చింది.

పాత తీర్పు ఉందిగదా అని మా వకీలుగారు గట్టిగానే వాదించారు. తను రాకుండా ఉండి, ఆ రాకపోవడాన్నే కారణంగా చూపిస్తే ఎలా అని కూడా అడిగారు. అప్పటి కేసు వేరు, ఇది ఆ తర్వాత పుట్టిన కారణం అన్నారు జడ్జిగారు. ఊరికే రాకపోయినంత మాత్రాన అది విడాకులు ఆపేంత పెద్ద తప్పు కాదన్నారు. ఇక మిగిలింది ఒకటే ప్రశ్న: ఆ ఏడాదిలో మేం కలిసి ఉన్నామా లేదా.

నేను బోనెక్కే రోజు వరండాలో అన్నయ్య నా పక్కకి వచ్చి నిలబడ్డాడు.

"పండక్కొచ్చి రెండ్రోజులు ఉన్నాడని సెప్పీ. నాను సూశానంతాను. నీ కాపురం కన్నా నా ఒట్టు ఎక్కువేటి?"

లోపల మా ఆయన తరఫు వకీలు మర్యాదగానే అడిగాడు, తీర్పు వచ్చాక ఒక్క రాత్రయినా మా ఇంట్లో ఉన్నాడా అని. మా ఆయన గోడవైపు చూస్తున్నాడు. ఒక్క అబద్ధం చెబితే చాలు, నేను ఇంకా ఆయన భార్యనే. కానీ ఉండని మనిషిని ఉన్నాడని లెక్కలో ఎలా కలపను?

"లేదండి," అన్నాను. "క్యారేజీ పంపేదాన్ని."

"తినేవాడా?"

"తినేవాడండి. కడిగి పంపేవాడు."

ఆ మాట బయటికి వచ్చాకే నాకు వినిపించింది. కాపురం చేసిన రోజుల్లో ఆయన ఏనాడూ గిన్నె కడగలేదు. చేపముళ్ళతో సహా క్యారేజీ తెచ్చి గట్టు మీద పడేసేవాడు. నేను సణుక్కుంటూ తోముకునేదాన్ని. పరాయివాళ్ళ గిన్నెలనే ఎవరైనా కడిగి పంపేది.

విడాకులు ఇచ్చేశారు. బయట అన్నయ్య ఆటో పిలిచి ఎక్కించాడు.

మర్నాడు చీకటితో లేచాను. ఎ షిఫ్ట్ అనుకుంటూనే ఎసరు పెట్టాను. వంకాయలు తరిగాను, నెత్తళ్ళు కడిగాను. కూర దించాక, కట్టడానికి క్యారేజీ కోసం చెయ్యి చాచినప్పుడు గుర్తొచ్చింది.

అమ్మ లేచాక ఇద్దరం తిన్నాం. కూరలో పులుపు చాలలేదంది అమ్మ.