ఉప్పాడ కెరటాల కింద ఒక వాకిలి

శేషుగారు సినిమా కెమెరామన్. రాజమండ్రిలో పెళ్లి ఫొటోలతో మొదలుపెట్టి, మద్రాసులో అసిస్టెంటుగా చాకిరీ చేసి, చివరికి సొంతంగా పాతిక సినిమాలు తీశారు. ఏడో తరగతి తప్పి ఆయన దగ్గర చేరిన నేను ఇరవై ఏళ్లు ఎండని నటుల మొహాల మీదకి తిప్పే థర్మోకోల్ అట్టలు పట్టుకున్నాను. ఆయనకి లైట్లు గిట్టవు, సూర్యుడి కోసం కూర్చుంటారు. మనిషి మొహం సగం చీకట్లోనే ఉంచుతారు. "హీరోకి మొత్తం డబ్బులిచ్చానండీ, సగమే చూపిస్తారేంటి?" అని ఒక నిర్మాత ఏడ్చినంత పని చేశాడు. షాట్‌కి ముందు వెలుగు కొలిచే మీటరు చూడరు. గుప్పిట బిగించి ముందుకు చాపి, వేళ్ల కణుపుల మీద వెలుగు ఎలా పడుతోందో చూస్తారు.

ఇప్పుడాయనకి ఒక కన్ను పోయింది. రెండోదీ ఎక్కువ రోజులు ఉండదని డాక్టరు చెప్పేశారు. "ఒరేయ్ సూరిబాబూ, ఉప్పాడలో నా మొదటి షాట్ తీసిన వాకిలి ఒకసారి చూపించరా" అన్నారు. ఒక ముసలమ్మ తలుపు తీస్తే ఎదురుగా సముద్రం, అంతే ఆ షాట్. ఆ ఇంటిని సముద్రం ఎప్పుడో మింగేసింది. చెప్పడానికి నాకు నోరు రాలేదు. అందర్నీ ఆటపట్టించి బతికినవాణ్ణి, ఇంకొక్క అబద్ధం ఎంతలే అనుకున్నాను.

రాజమండ్రిలో తెల్లవారుజామున మూడుముప్పావుకి కారెక్కాం. రానూపోనూ మూడువేలు, టిఫిన్లు మనవే. కడియం దాటేటప్పుడు పొగమంచులో లారీలు ఆగి ఉన్నాయి. వాటి నిండా పట్టాలు కప్పిన మొక్కలు.

"ఎవర్రా అంతమంది కూర్చున్నారు?" అన్నారు శేషుగారు.

"మొక్కలండి."

"మొక్కలు తల తిప్పి చూడవు కదరా."

డ్రైవర్ వెంకట్రావు స్పీడు పెంచాడు.

కాకినాడ నుంచి బీచ్ రోడ్డు పట్టుకుని ఆరింటికల్లా దగ్గరికి వచ్చేశాం. ఉప్పాడకి రెండు కిలోమీటర్ల ముందే, సరుగుడు తోట వెనక ఉన్న ఒక పాత పెంకుటింటి దగ్గర కారు ఆపించాను. "పాపం అండి, కళ్లు సరిగా కనపడని మనిషితో పరాచికాలేంటి?" అని వెంకట్రావు గొణిగాడు. నేను వినిపించుకోలేదు.

"ఇదేనండి మీ వాకిలి."

ఆయన గుప్పిట చాపారు. తూరుపు తెల్లబడేదాకా కదల్లేదు. తర్వాత మెల్లగా అన్నారు: "కింద నుంచి వెలుగు రావట్లేదురా. అక్కడ నీళ్ల మీద పడిన వెలుగు పైకి తన్నేది. ఇది ఆ వాకిలి కాదు. అసలుది పోయిందా?"

ఆయన పోయిన కన్ను వైపు నిలబడ్డాను, నా మొహం కనపడకపోవడం అదృష్టం. "పోయిందండి" అన్నాను.

"అయితే పోయిన చోటుకే తీసుకెళ్లు."

ఉప్పాడలో ఆ వీధి సగంలో తెగిపోయింది. తెగిన చోట ఒకామె టీ కాస్తోంది. షూటింగ్ జరిగిన ఆ ఇంటి గురించి అడిగాను.

"మా అత్త ఇల్లేనండి. సినిమాలో తలుపు తీసిందీ ఆవిడే. అదిగో, తెల్లగా కెరటం విరుగుతుందే, గోడలు దాని కిందే ఉన్నాయి. ఇల్లు పోయిన ఏడాదే అత్తా పోయింది."

నీళ్లు బాగా వెనక్కి తగ్గి ఉన్నాయి. రెండు కెరటాల మధ్య నల్లటి గడప ఒకటి తేలి మళ్లీ మునిగింది. శేషుగారు గుప్పిట చాపారు. వెలుగు కింద నుంచి వచ్చి కణుపులన్నిటికీ పాకింది.

"ఇదే" అన్నారు. "ఒరేయ్, మామ్మని ఒక్క అడుగు ఎడమకి జరగమను" అన్నారు.

అక్కడ నీళ్లు తప్ప ఏమీ లేవు. నా అబద్ధానికి బదులు తీర్చుకుంటున్నారని నవ్వబోయాను. టీ కాసే ఆమె నవ్వలేదు.

"అత్తకి కుడిచెవి వినపడదు బాబూ, గట్టిగా చెప్పండి."

నేను సముద్రం వైపు తిరిగి అరిచాను. "మామ్మా! ఒక్క అడుగు ఎడమకి!"

ఒక కెరటం రావలసిన వేళకి రాలేదు. గడప అలాగే తేలి ఉంది. శేషుగారు ఒంటి కన్నుతో చాలాసేపు చూశారు. "ఓకే" అన్నారు. అప్పుడు వచ్చింది కెరటం.

తిరుగుదారిలో, "తమాషా చేశారా?" అని అడిగాను. "తమాషాలు నీ డిపార్టుమెంటు కదరా" అని కళ్లు మూసుకున్నారు. ఇన్నేళ్లూ జనాన్ని నమ్మించడమే నా పని అనుకున్నాను. నమ్మడం ఎలా ఉంటుందో ఆ ఒక్క అరుపుతో తెలిసింది.

మీరు అక్కడికి వెళ్తే ముందురోజే జాలర్లను అడిగి, నీళ్లు తగ్గే వేళకి వెళ్లండి. లేకపోతే కెరటాలు రోడ్డు మీదకే వస్తాయి. ఫొటో దిగేటప్పుడు మాత్రం మీ ఎడమపక్కన కొంచెం చోటు వదలండి. మామ్మని అక్కడికి జరగమని చెప్పింది నేనే.