మునిగింది సారూ

మా సైన్స్ సారు పోయారు. ఆయన తమ్ముడు మంథని నుంచి గోదావరి దాటి వచ్చి చెప్పాడు. నేనప్పుడు చేప తొట్టి నీళ్లు మారుస్తున్నాను. నీళ్లు మార్చడం అయ్యాకే కూర్చున్నాను. పని సగంలో వదిలితే సారుకు కోపం.

మంచిర్యాల బడిలో నేను చప్రాసిగా చేశాను. అంతకుముందు గోదావరిలో వల వేసినవాణ్ణి. చేపల గురించి నాకు ఒకరు చెప్పేదేముంది అనుకునేవాణ్ణి. ఇప్పటికీ కొంచెం అనుకుంటాను.

బడిలో ఉర్దూ పోయి తెలుగు చదువు వచ్చిన కొత్తలో సారు హైదరాబాదు నుంచి ఒక ఎర్ర చేపను డబ్బాలో తెచ్చి, సైన్స్ గదిలో అద్దాల తొట్టిలో వేశారు.

"తినేది గాదు, అమ్మేది గాదు. దీన్నేం జేస్తరు సార్?" అన్నాను.

"చూస్తం మామా. నువ్వు శాపను సచ్చినంకనే చూసినవ్, బతికుండంగ చూడలే."

నాకు మండింది.

ఆయన ఊరికి పోతూ, చిటికెడు మేతే వేయమని తొట్టి నాకు అప్పగించారు. గోదావరి చేపలకు ప్యాలాలు వేస్తే పుణ్యమని మావాళ్ల నమ్మకం. నేనూ గుప్పెడు గుప్పెడు వేశాను. మూడోనాటికి చేప పొట్ట ఉబ్బి, వెల్లకిలా తేలింది. తోక కొడుతుంది గాని కిందికి పోలేదు.

సారు రాగానే, "సచ్చింది సార్, పారేస్త" అన్నాను.

"మొప్పలు ఆడుతున్నయి గదా. ఏం పెట్టినవ్?"

"ఏం పెట్టలే."

తొట్టి మూలలో తేలుతున్న ప్యాలాల గింజను వేలితో తీసి నా అరచేతిలో పెట్టారు. తిట్టినా బాగుండేది.

చేప కడుపులో గాలిబుడ్డ ఉంటుంది. దానితోనే అది నీటిలో కావలసిన చోట నిలబడుతుందని సారు చెప్పారు. తిన్నది ఉబ్బి బుడ్డను నొక్కితే పట్టు తప్పి పైకి తేలుతుంది, లేదా అడుగున పడిపోతుంది. ఆ బుడ్డ నాకు తెలియనిదా! చేపను కోసినప్పుడల్లా తీసి పారేసేవాణ్ణి. అది దేనికో ఏనాడూ ఆలోచించలేదు.

"పొలుసులు లేచి నిలబడితే వేరే రోగం, అది మన చేతిల ఉండదు. దీనికి సాఫుగనే ఉన్నయి. మూడు దినాలు పస్తుంచుదం" అన్నారు. ఈదడానికి కష్టం కాకుండా నీళ్లు సగం తీశాం. పైకి తేలిన పొట్ట ఎండకుండా నేను మాటిమాటికీ నీళ్లు చిలకరించాను.

అప్పుడప్పుడే నాకు అక్షరాలు నేర్పుతున్నారు. ఒక పలక ఇచ్చి, "పొద్దున చూసి రాయి. తేలింది, లేకుంటే మునిగింది" అన్నారు. మునిగింది అంటే మావాళ్లకు పడవ పోయినట్టు. ఆ మాట రాయనన్నాను.

"ఈ తొట్టిల అదే మంచి మాట మామా."

హెడ్మాస్టరు ముక్కు మూసుకుని, "తనిఖీవాళ్లు వచ్చేలోపల ఆ పీనుగను తీసెయ్యి" అన్నారు.

"పీనుగ గాదు సార్, ఉపాసమున్నది" అన్నాను. చెడగొట్టింది నేను. బతికించేదీ నేనే.

మా ఇంటిది సద్ది తెచ్చి, "శాప పస్తుంటే నువ్వెందుకయ్య పస్తు?" అని నవ్వింది. తిన్నాను. మొండితనం వేరు, ఆకలి వేరు.

మూడు పొద్దులూ "తేలింది" అనే రాశాను. నాలుగోనాడు సారు ఉడికించిన బఠానీ పొట్టు తీసి, మెదిపి, ఆవగింజంత ముక్క నా చేతికిచ్చారు. వల లాగి మొద్దుబారిన వేళ్లు, రెండుసార్లు జారింది. మూడోసారి చేప అందుకుంది.

మరునాడు చూస్తే నీటి నడుమ ఉంది.

"మునిగింది సారూ! మునిగింది!" అని వరండాలో ఉరికాను. హెడ్మాస్టరు ధోతి ఎత్తి పట్టుకుని, "ఏం మునిగిందయ్యా? గోదారొచ్చిందా?" అంటూ బయటికి వచ్చారు. సారు గోడకు ఆనుకుని కళ్ల నీళ్లు వచ్చేదాకా నవ్వారు.

చేప పక్కకు ఒరగడం మాత్రం పోలేదు. "ఉండనీ. తింటున్నది, ఈతకొడుతున్నది. ఇంకేం గావాలె?" అన్నారు. నౌకరీ దిగి మంథని పోయేటప్పుడు తొట్టిని నాకే ఇచ్చిపోయారు.

మీ ఇంట్లో చేప తేలితే వెంటనే పారేయకండి. ముందు మొప్పలు చూడండి. ఇది నా మాట కాదు, ఆయనది.

తమ్ముడు వెళ్లాక బఠానీ పొట్టు తీశాను. పలక ముందు పెట్టుకున్నాను. సారు పోయారని రాయడానికి చెయ్యి రాలేదు. రోజూ పొద్దున రాసే మాటే రాశాను: మునిగింది. అద్దం వెనక ఆ ఎర్ర చేప ఒక పక్కకు ఒరిగి, నీటి నడుమ నిలబడే ఉంది.