పదకొండో సంతకం

మొన్న శుక్రవారం ఉదయం కొత్తపేటలో బస్సు దిగగానే కిళ్లీకొట్టాయన చెప్పాడు: "లెక్కల మాస్టారు పోయేరండి." నమ్మలేదు. ముందురోజు సాయంత్రమే నా సంచిలో నాలుగు దబ్బకాయలు వేసి పంపిన మనిషి! నేరుగా ఆయన ఇంటికి నడిచాను. సూర్యనారాయణ మాస్టారి నిర్యాణవార్త నాకు అలా చేరింది.

ఇరవై ఏళ్లు ఒకే ఎయిడెడ్ బడిలో పనిచేశాం. ఆయన గణితం, నేను తెలుగు. ఋజువర్తనం, మితభాషిత్వం ఆయనకు సహజాభరణాలు. జవాబు సరిగ్గా వచ్చినా మధ్యలో మెట్టు ఎగరేస్తే మార్కు వేసేవారు కాదు. "జవాబు పక్కవాడిది చూసైనా రాయొచ్చు, దారి చూపించు" అనేవారు. పిసినారి చెయ్యి అని నేను వెక్కిరించేవాడిని.

తొంభైల నడుమ మా పదకొండు మందికి రెండేళ్ల జీతం నిలిచిపోయింది. మాస్టారే ముందుండి హైకోర్టుకు వెళ్లారు. మూడు నెలల్లో చెల్లించమని ఉత్తర్వు వచ్చింది. మూడు నెలలు కాస్తా ఏడాదయింది. ఈలోగా నా భార్య గుండెకు ఆపరేషన్ తప్పదని కాకినాడ డాక్టరు చెప్పారు. ఆ జీతం తప్ప నాకు వేరే దిక్కు లేదు. మాస్టారు కోర్టు ధిక్కారం కేసు వేశారు. జీతాలు మంజూరు చేయవలసిన జిల్లా అధికారిని సోమవారం స్వయంగా హాజరు కమ్మని జడ్జిగారు ఆదేశించారు.

దానికి ముందు శనివారం ఆ అధికారే మా బడికి వచ్చారు. రెండు నెలల్లో రిటైరవుతారట. "జీతాలు ముట్టేయని అందరూ కలిసి ఒక్క కాగితం రాసివ్వండి మాస్టారూ, వచ్చేవారం బిల్లు పాస్ చేయించేస్తాను" అని చేతులు పట్టుకున్నారు. గడప తొక్కిన మనిషిని కాదనడం మా కోనసీమ వాళ్లకు చేతకాదు. కొబ్బరినీళ్లిచ్చాం, పూతరేకులు పెట్టాం, ఆ ఊపులోనే "ఆయ్, అలాగేనండి" అంటూ పదిమందిమీ సంతకాలూ పెట్టేశాం. మొదటి సంతకం నాదే. ఇల్లాలి ప్రాణం మీదికొచ్చినా మర్యాదకు పోయిన మహానుభావుణ్ణి!

మాస్టారు కలం మూత తీయలేదు. "తమరంటే గౌరవమేనండి, కోర్టన్నా గౌరవమేనండి. ముట్టకుండా ముట్టిందని రాస్తే ఇద్దరినీ అవమానించినట్టేనండి" అన్నారు. కేసు వేసిన మనిషి సంతకమే లేని కాగితాన్ని కోర్టులో చూపే ధైర్యం అధికారికి లేకపోయింది. ఆయన ముఖం చూడలేక, "అంత మొండితనం ఏంటండీ, పాపం పెద్దాయన!" అని మాస్టారిని కసిరాను. ఆయన మాత్రం అధికారిని ఇంటికి తీసుకెళ్లి, భోజనం పెట్టి పంపారు.

సోమవారం జడ్జిగారు శిక్ష మాట ఎత్తగానే, మాస్టారు మా వకీలు చెవిలో ఏదో చెప్పారు. "అధికారికి శిక్ష పడాలని మా కోరిక కాదు, జీతాలు ఇప్పిస్తే చాలు" అని వకీలు మనవి చేశారు. రెండు వారాలు గడువిచ్చారు. పన్నెండో రోజున జీతాలు వచ్చాయి. ఆపరేషన్ జరిగింది.

కృతజ్ఞత చెప్పబోతే, "మెట్టు ఎగరెయ్యలేదు, అంతేనండి" అని దాటవేశారు. నా సంతకం సంగతి, నా కసురు సంగతి ఆయన మళ్లీ ఎన్నడూ ఎత్తలేదు. నేనే ఎన్నోసార్లు తలచుకుని సిగ్గుపడ్డాను.

శుక్రవారం నా భార్య తన కాళ్లమీద నడిచివచ్చి ఆయన పాదాలకు మొక్కింది. అటువంటి సహచరుడు నాకిక లభించడు. వేలమంది పిల్లల మార్కుల పట్టీల మీద సంతకం చేసిన ఆ చేతికి, ఆ శనివారం ఒక్క కాగితం మీద సంతకం పెట్టని ఆ చేతికి, నా నమస్కారం.