బొక్కల సేమ్యా

మా మనవరాలు ఆఫీసు నుంచి ఇంటికొచ్చి, చెప్పులు విప్పినంతసేపట్లో వంట మొదలుపెట్టి, అరగంటకల్లా ఒక గిన్నెడు పాస్తా నా ముందు పెట్టింది. అందులో ఎర్రగింజలు, బీన్సు, క్యారెట్టు ముక్కలు. "తాతా, ఇది నీకు కొత్త గద, మెల్లగ నములు" అంది.

నాకు ఒళ్ళు మండింది. కొత్తా? నీ తండ్రి పుట్టకముందే ఈ గొట్టపు ముక్కల కోసం మా వాకిట్లో తుపాకులు నిలబడ్డాయి. ఈ ముక్కల పుణ్యమా అని మీ నానమ్మ తమ్ముణ్ణి మిలిటరీ క్యాంపుకు ఈడ్చుకుపోయేవాళ్ళే. చెప్పబోతే ఫోను చూసుకుంటూ "అవునా తాతా" అంటుంది. ఆ "అవునా" వినలేక రాస్తున్నాను.

పోలీసు చర్య అయిన తర్వాతి చలికాలం. మాది సూర్యాపేట అంచున ఒక వాడ. నాకు పెళ్ళయి ఏడాది నిండలేదు. మిర్యాలగూడ బేరగాళ్ళ వడ్ల బస్తాలు బండి మీద తెచ్చి సూర్యాపేట కొట్లకు వేసేవాణ్ణి. బడికి పోలేదు. బెల్లం పొట్లాల కాగితాల మీద తెలుగు నేర్చుకున్నాను, దుకాణాల బోర్డుల మీద ఉర్దూ నేర్చుకున్నాను. పొట్లం విప్పి రెండు పక్కలా చదివితే గానీ దేన్నీ నమ్మని గుణం అక్కడే అంటింది.

ఆ రోజుల్లో నమ్మేవాడు బతికే రకం కాదు. నవాబు పాలన పోయిందని సంతోషపడేలోపే మిలిటరీ క్యాంపులు వచ్చాయి. అడవిలో కమ్యూనిస్టు దళాలు ఉండనే ఉన్నాయి. ఎవరి పొయ్యి మీద గిన్నె కాస్త పెద్దగా కనబడినా "ఎవరికి పెడుతున్నరు?" అని అడిగేవారు. క్యాంపుకు పోయినవాళ్ళలో కొందరు నడిచి వచ్చారు, కొందరిని మంచం మీద మోసుకొచ్చారు, కొందరు రాలేదు. దానికి తోడు మా పోలీసు పటేలు దగ్గర గస్తీ తిరిగే మనిషి ఒకడు దీపావళి నుంచి కనబడటం లేదు. వాణ్ణి చంపి ఎక్కడో పూడ్చారని పటేలు అనుమానం. వాడలో ఎవరింట్లో కొత్త మట్టి తవ్వి ఉన్నా వచ్చి కాలితో కెలికిపోయేవాడు.

ఇంటి బయట అది. ఇంటి లోపల మా అమ్మ. నా భార్యది కోదాడ. ఆంధ్ర సరిహద్దు. వాళ్ళ మాటకు ఆ గాలి తగిలి ఉంటుంది. మా అమ్మ బొబ్బర్లు అంటే ఆమె అలసందలు అనేది, ఆలుగడ్డను బంగాళాదుంప అనేది. "ఉన్నదానికి ఉన్న పేరు పెట్టి పిలువరు. మాటలనే గింత మర్మముంటే మనసుల ఎంతుండాలె?" అని అమ్మ నా దగ్గర గొణిగేది. మా నాయన పోయినప్పటి నుంచి అమ్మ మెడలో తులసిపూస. నీసు ముట్టదు, మాంసం వండిన గిన్నె కూడా ముట్టదు. కోడలు కడిగిన గిన్నెను మళ్ళీ కడిగేది.

ఆ సాయంత్రం నేను మిర్యాలగూడ నుంచి బండి తోలుకొని వచ్చేసరికి దీపాలు పెట్టే వేళయింది. కడుపు కాలిపోతోంది. గడపలో నా బావమరిది కూర్చుని ఉన్నాడు. బెజవాడలో, యుద్ధంలో మిగిలిన మిలిటరీ సామాన్లు వేలంలో కొని అమ్మే కొట్లో పని చేసేవాడు. వచ్చినప్పుడల్లా ఏదో ఒక వింత పట్టుకొచ్చేవాడు. ఈసారి ఒక గుడ్డసంచి.

"బావా, ఆకలి మీదున్నావు. అన్నం వండేదాకా ఆగక్కర్లేదు. ఇవి బొక్కల సేమ్యా. నీళ్ళలో వేస్తే గబుక్కున ఉడుకుతాయి" అన్నాడు.

సంచి విప్పి చూశాను. వేలెడంత పొడవు, పాలిపోయిన పసుపు, గట్టిగా, బోలుగా. కొరికితే పంటికింద టప్పుమంది. లోపల ఒక చీటీ ఉంటే రెండు పక్కలా తిప్పాను. ఇంగ్లీషు. అది నాకు రాదు. నిజం చెప్పాలంటే నాకూ అనుమానమే వేసింది. కానీ ఆకలి అనుమానం కంటే పెద్దది.

పొద్దున ఉడికించిన బొబ్బర్లు గుగ్గిళ్ళకని మిగిలి ఉన్నాయి. నా భార్య కుండలో ఎసరు పెట్టి వంకాయలు, సొరకాయ ముక్కలు తరుగుతూ, "అత్తా, ఉప్పు నిండుకుంది" అంది.

గడపలో మాటలన్నీ విన్న మా అమ్మ ముంత పట్టుకొని పక్కింటికి పోయింది. పోయేటప్పుడు సంచిలోకి ఒకసారి తొంగిచూసింది. ఏమీ అనలేదు. మా అమ్మ ఏమీ అనలేదంటే భయపడాలి. నాకు ఆ సంగతి తెలిసీ ఆకలి మీద పట్టించుకోలేదు. తిరిగొచ్చి మూలన కూర్చుంది. ముంత పక్కన పెట్టింది. ఎవరూ ముంతలోకి చూడలేదు.

ఎసరు మరగకముందే బయట బూట్ల చప్పుడు. పోలీసు పటేలు, అతని వెనక ఒక జమేదారు, ఇద్దరు జవాన్లు. పక్కింటామె మరిది పటేలు వాకిట్లోనే పని చేస్తాడు. ఇక చెప్పేదేముంది?

పటేలు నా వైపు చూడనే లేదు. "కోదాడోడు ఎవడురా గీడ?" అన్నాడు.

"నేనేనండి" అని బావమరిది లేచాడు.

"సంచిల ఏం తెచ్చినవ్?"

"బొక్కల సేమ్యా అండి."

పటేలు జమేదారు వైపు తిరిగి, "సాబ్, హడ్డీ. వీడే ఒప్పుకుంటుండు. హడ్డీ లాయా" అన్నాడు. మా దిక్కు బొక్క అంటే ఎముక. ఉర్దూలో హడ్డీ. జమేదారు ముఖం మారిపోయింది. "కిస్‌కీ హడ్డీ?" అన్నాడు. ఎవరి ఎముకలు? పటేలు తన గస్తీ మనిషి పేరు చెప్పాడు. ఒక జవాను నా బావమరిది రెండు చేతులు వెనక్కి విరిచి పట్టుకున్నాడు.

సంచిలోవి చాపమీద కుమ్మరించారు. దీపం వెలుగులో అవి చూస్తే నాకే ఒళ్ళు జలదరించింది. పసిపిల్ల వేళ్ళలాగా ఉన్నాయి.

నా భార్య ఏడుపు ఆపుకొని ఒక ముక్క తీసింది. పొయ్యి దగ్గర కూర్చుని, ఊదుగొట్టం పట్టినట్టు పెదాల దగ్గర పెట్టుకొని నిప్పుల మీదికి ఊదింది. బూడిద లేచింది. "చూడండి! దీనికి బొక్క! ఇటునుంచి అటుదాకా బొక్క!" అని అరిచింది.

"ఇగో, ఆడమనిషి గూడ బొక్కనే అంటున్నది!" అన్నాడు పటేలు, సాక్షి దొరికినంత సంబరంగా.

అప్పుడు నా తలకెక్కింది. "పటేలా! వాళ్ళ దిక్కు బొక్క అంటే రంధ్రం! చిల్లు! మన బొక్కను వాళ్ళు ఎముక అంటరు!"

"గట్లనా? మరి గింతసేపు ఏం జేసినవ్? పిలగాని రెక్కలు ఇరిసినంక యాదికొచ్చిందా?"

"నాకు గూడ ఇప్పుడే సమజయింది."

"నీకు ఇప్పుడే సమజయింది, నాకు ఇంకా కాలే" అన్నాడు. "తినేదే అయితే ఉడకాలె గద. వండుమను. బొక్కలైతే ఉడకయి."

నా భార్య మరిగే నీళ్ళలో గుప్పెళ్ళతో వేసింది. వంకాయ, సొరకాయ, బొబ్బర్లు, ఇంత చింతపులుసు, దంచిన ఎల్లిపాయ కారం. అన్నీ చకచకా చేసింది. మేమందరం, తుపాకులతో సహా, ఒక కుండ చుట్టూ నిలబడి చూశాం. నా బావమరిది గోడకు ఆనుకొని కుండవైపే చూస్తున్నాడు. అతని ప్రాణం ఆ కుండలో ఉడుకుతోంది. ముక్కలు ఉబ్బాయి, మెత్తబడ్డాయి, ఒకదాన్నొకటి అంటుకున్నాయి. వాసన మాత్రం బాగానే వచ్చింది. జవాను ఒకడు గుటక మింగడం నేను చూశాను.

నేను ఒక ముద్ద తిన్నాను. పటేలు తల ఊపాడు. "నువ్వు తింటవ్. బావమరిది కోసం బండిచక్రం గూడ తింటవ్. నీది లెక్కల్లోకి రాదు." వేలు మూలకు చూపించాడు. "బొక్కలని చెప్పింది ముసలమ్మ. తులసిపూస వేసుకున్న మనిషి. ఆమె తింటే నమ్ముత. లేకుంటే పిలగాడు క్యాంపుకు నడుస్తడు."

అందరం అమ్మ వైపు తిరిగాం. అంటే మాట పొక్కింది అమ్మ నోటి నుంచే అన్నమాట. నాకు ఆ క్షణంలో వచ్చిన కోపం ఇప్పటికీ పూర్తిగా చల్లారలేదు, ఆమె పోయి ఇన్నేళ్ళయినా.

అమ్మ లేచి వచ్చింది. నా భార్య విస్తరిలో కాస్త వడ్డించి, చేతులు జోడించింది. అమ్మ ఒక గొట్టం తీసి దీపం దగ్గర పెట్టి, ఇటునుంచి అటు చూసింది. కోడలు ముఖం చూసింది. జవాను చేతుల్లో ఉన్న పిల్లవాణ్ణి చూసింది. వాడి ముక్కు కారుతోంది, తుడుచుకోవడానికి చేతులు లేవు. తులసిపూసను చీరకొంగు కింద దాచి, ముక్క నోట్లో వేసుకుంది. అది ఎముక కాదని ఇంకా ఆమెకు నమ్మకం కుదరలేదు. నేను ఆమె కొడుకును, నాకు తెలుసు. కళ్ళు మూసుకొని, చాలాసేపు నమిలి, మింగింది.

"ఏమున్నదే అవ్వా?" అన్నాడు పటేలు.

"ఉప్పు లేదు" అంది అమ్మ.

జమేదారుకు ఆ మాట పటేలు ఉర్దూలో చెప్పక తప్పలేదు. జమేదారు పకపకా నవ్వాడు. చేయి ఊపితే జవాను నా బావమరిదిని వదిలేశాడు. నవ్వు నవ్వే. చాపమీద మిగిలిన సేమ్యా మాత్రం, విచారణ చేయాలంటూ, సంచితో సహా పట్టుకుపోయారు. ఆ విచారణ క్యాంపు వంటశాలలో ఎంత రుచిగా జరిగిందో నాకు తెలియదా? ఇక గస్తీ మనిషి సంగతి. వాడు నేరేడుచర్లలో అక్క ఇంట్లో నిక్షేపంగా దూడలు కాసుకుంటున్నాడని సంక్రాంతి లోపే తెలిసింది. పటేలు వచ్చి ఒక్క మాట అన్నాడా? అనలేదు.

వాళ్ళు పోయాక ఎవరమూ విస్తరి ముందు కూర్చోలేదు. బావమరిది మణికట్లు రుద్దుకుంటున్నాడు. నేను అమ్మను అడగడానికి నోరు తెరిచాను. అంతలోనే ఆమె వంగి మూలనున్న ముంత తీసింది. అందులో ఉప్పు లేదు. మాట చెప్పే తొందరలో తేవడానికి పోయింది తేవడమే మరిచింది.

ముంత పట్టుకొని మళ్ళీ పక్కింటికి నడిచింది. వాడంతా వినబడేటట్టు ఆమె అరిచిన మాట నాకు గోడ ఇవతలికి వినిపించింది.

"ఏమే, గింత ఉప్పు పొయ్. మీ మరిదికి చెప్పు, అవి బొక్కలు కావే, వాటికి బొక్కలున్నయ్!"