ఇంజన్‌కు తలంటు

ఇంజన్‌కు కూడా ఒంట్లో బాగుండకపోవచ్చని, మనిషికి చేసే ఉపచారమే దానికీ చేస్తే తేరుకుంటుందని నమ్మే వయసు ఒకటి ఉంటుంది. ఆ రోజుల్లో నాకు పద్నాలుగేళ్లు, ఆ నమ్మకం నిండుగా ఉండేది. యశ్వంతనగర్ దగ్గరి ఇనుపరాతి గనిలో మా మేనమామ ఆవిరి ఇంజన్ డ్రైవరు. అమ్మ పోయాక నన్ను పెంచింది ఆయనా, మా అవ్వా. దగ్గర్లో బడి లేదు కాబట్టి అవ్వ స్తోత్రాలతో పాటు అక్షరాలు, మామయ్య పంచాంగం ముందు పెట్టి అంకెలు నేర్పారు. (ఇంజన్ల గురించి మాత్రం ఎవరూ ఏమీ నేర్పలేదు. చిక్కంతా అక్కడే వచ్చింది.)

మామయ్య ఇంజన్ పెద్ద రైలింజన్‌లో సగం కూడా ఉండదు. పొట్టిగా, వీపు మీద నీళ్ల ట్యాంకు మోసుకుంటూ, రాయి నింపిన ఎనిమిది డబ్బాలను గని గుంతలోంచి పైన లారీలు నిలిచే చోటికి లాక్కొచ్చేది. ఆ ఏడు అది ఎగువ ఎక్కలేక సగం దారిలో నిలిచిపోవడం మొదలుపెట్టింది. బాయిలర్ లోపల ఉప్పునీళ్ల పెచ్చు కట్టిందనీ, రెండు రోజులు నిలిపి కడిగితే తప్ప బాగుపడదనీ మామయ్య మొత్తుకున్నా గని పనులు చూసే మేస్త్రీ ఒక్క పూట కూడా నిలపనివ్వలేదు. చివరికి ఆయుధపూజ మరునాడు ఇంజనీరు వచ్చి చూస్తారని కబురొచ్చింది. ఎనిమిది డబ్బాలతో ఎగువ ఎక్కితే సరి. ఎక్కకపోతే ఇంజన్ పాత ఇనుముకు, మామయ్య ఇంటికి.

ఆయుధపూజ నాడు ఇంజన్‌ను చల్లార్చి, పైనంతా తుడిచి, గంధం పూసి, కుంకుమ పెట్టారు. బొగ్గు వేసే సాయిబు మామ మా అందరికన్నా శ్రద్ధగా మామిడాకులు కట్టాడు. నేను మాత్రం మామయ్య పక్కన చేరి, "పైన కడిగితిరి, లోపల కడగలేదే?" అని అడిగాను.

"లోపల కడిగేకి యాడ టైమిస్తారు పాపా! ఇంగ ఆ దేవుడే కడగల్ల," అన్నాడు మామయ్య.

ఇంత చిన్న పనికి దేవుణ్ణి శ్రమ పెట్టడం ఎందుకనిపించింది నాకు. ఇంటికి పోయి, అవ్వ పండగ తలంట్లకని నానబెట్టిన కుంకుళ్లన్నీ పిసికి, రసం బిందెకెత్తుకుని వచ్చాను. అందరూ ప్రసాదం దగ్గర గుమికూడి ఉండగా నిచ్చెన ఎక్కి, ట్యాంకు మూత తీసి, నోటికొచ్చిన స్తోత్రం చదువుతూ బిందెడు రసమూ భక్తిగా పోశాను. (కళ్లలో పడకుండా జాగ్రత్తపడ్డాను. ఎవరి కళ్లలో అని అడక్కండి.)

మరునాడు పొద్దున ఇంజనీరు సారు వచ్చారు. ఎర్రదుమ్ము తప్ప మరో రంగు ఎరగని మా గనిలో ఆయనొక్కరే తెల్లటి ప్యాంటు, తెల్లటి చొక్కాతో కట్ట మీద నిలబడ్డారు. ఇంజన్ ఎనిమిది డబ్బాలతో కదిలింది. కొంత దూరం బాగానే ఎక్కింది. మామయ్య ట్యాంకులోని నీళ్లు బాయిలర్‌లోకి వదిలాడు. అంతే. ఇంజన్ గుడగుడమంది, దగ్గింది, పొగగొట్టంలోంచి మసి కలిసిన నురగ ముద్దలు ముద్దలుగా ఎగిరి ఇంజనీరు సారు మీద పడింది.

"యా అల్లా! ఇంజన్‌కు పిచ్చికుక్క కరిచినాదేందన్నా!" అని సాయిబు మామ కిందికి దూకాడు. మామయ్య ఇంజన్ ఆపి, నిప్పు లాగేయించాడు. సాయిబు మామ కాస్త నురగ వేలికి రాసుకుని వాసన చూశాడు. "డ్రైవరన్నా, ఇది మా ఇంటామె తలకు పోసుకునే వాసన కదన్నా!"

మామయ్య నా వైపు తిరిగాడు. నేను అప్పటికే ఏడుస్తున్నాను. "ఏం చేస్తివి పాపా?"

"తలంటు పోసినా మామయ్యా. లోపల మురికి పోతాదని."

మామయ్య కొలువు నా చేతుల మీదుగానే పోయిందనుకుని, ఏడేడు శనివారాలు ఉపవాసం ఉంటానని వేంకటేశ్వరస్వామికి అక్కడికక్కడే మొక్కుకున్నాను. ఇంజనీరు సారు కళ్లద్దాలు తుడుచుకుని, "ఏనప్పా డ్రైవరూ, లోపల కడగల్లని ఈ పాపకు తెలిసింది, నీకు తెలీలేదా?" అన్నారు.

"తెల్సు సార్. ఏడాదిగా అడుగుతాండా. ఒక దినమన్నా నిలపనిస్తే గదా కడిగేకి!"

సారు మేస్త్రీని చూశారు. మేస్త్రీ కొండను చూశాడు. "ఈ నురగతో నడిపితే సిలిండర్లు పగిలిపోతాయి. ఇంగ నిలపక తప్పదు. బాగా కడగండి, మూడో దినం మళ్లా చూస్తా," అని సారు నవ్వు ఆపుకుంటూ వెళ్లిపోయారు. ఆ మసి మరకలకు కోపగించుకోని ఆ మహానుభావుడికి ఈనాటికీ మనసులో నమస్కరిస్తూనే ఉంటాను.

రెండు రోజులూ బాయిలర్ బిరడాలు విప్పి, ఇనుప కడ్డీలతో గీకి, నీళ్లు కొట్టారు. గంపలకొద్దీ పెచ్చులు బయటపడ్డాయి. ఇంట్లో అవ్వ మాత్రం, "ఇంటిల్లిపాదికీ పండగ స్నానం లేకుండా చేసి ఇనుముకు పోస్తివి గదే!" అని కనబడినప్పుడల్లా తిట్టింది. మూడో రోజు ఇంజన్ ఎనిమిది డబ్బాలతో ఎక్కడా ఆగకుండా ఎగువ ఎక్కింది. పైకి చేరాక మామయ్య కూత వేశాడు, ఎంతసేపటికీ ఆపడే! దిగివచ్చి నా తల మీద చెయ్యి పెట్టి, "ఈసారి దానికి తలంటాలంటే నన్నడిగి పోయల్ల పాపా," అన్నాడు.

మామయ్య ఇంకా చాలా ఏళ్లు దాన్ని నడిపి, దాని మీదనే రిటైరయ్యాడు. తర్వాత డీజిల్ బండ్లొచ్చినా దాన్ని పాత ఇనుముకు అమ్మలేదు. రంగు వేసి, పైన రేకుల నీడ కట్టి, గని ఆఫీసు ముందు నిలబెట్టారు. మొన్న చూడ్డానికి పోయి, దాని ముందు చేతులు జోడించి నిలబడితే కాపలా అబ్బాయి కంగారుపడ్డాడు. "అవ్వా, అది దేవుడు కాదవ్వా, ఇంజను!"

"తెల్సప్పా. మాకు అన్నం పెట్టిందిది," అన్నాను.

ఇప్పుడు నాకు బాయిలర్ అంటే తెలుసు, ఆవిరి అంటే తెలుసు, ఏ పనికి ఎవరి అనుమతి అడగాలో కూడా తెలుసు. ఇంత తెలిసిన ఈ ముసలామె ఆ రోజు అక్కడుండి ఉంటే దణ్ణం పెట్టుకుని ఊరుకునేది, ఇంజన్ ఇనుముకు పోయేది. భగవంతుడు దయగలవాడు, ఏమీ తెలియని ఆ పిల్లను పంపాడు.